పదిహేడో నంబరు రాయి

ఆరెకీపా నుంచి వచ్చాను, చంకలో చుట్టిన నక్షాలతో.
మా ఊళ్లో రాయి తెల్లన, మెత్తన,
రంపం చెప్పినట్టు వింటుంది.
ఇక్కడ ఒల్లాంతాయ్‌తాంబోలో
రాయి మనం చెప్పేదంతా ఓపిగ్గా విని
తనకు తోచిందే చేస్తుంది.

సందు మలుపులో గోడ కడుపు ఉబ్బింది.
ఎక్కడో పైన కాలవ తప్పి, వాననీళ్లు లోపలికి దూరాయి.
ఇరవై మూడు రాళ్లు విప్పాలి, మళ్లీ పేర్చాలి.
సుద్దముక్కతో నంబర్లు వేశాను
ఎడమ నుంచి కుడికి, కింద నుంచి పైకి,
బళ్లో నేర్పినట్టు.

సాతుర్నినో నినాంతాయ్ చూస్తూ నిలబడ్డాడు,
బుగ్గన కోకా ఆకు, చేతుల్లో ఏమీ లేదు.
"అమ్మాయీ, ఎడమ నుంచి మొదలెట్టాలని
వీటికెవరు చెప్పారు?"
నవ్వి ఊరుకున్నాను.

విప్పాక తెలిసింది,
కత్తిమొన దూరదని వచ్చినవాళ్లంతా మెచ్చుకునే ఆ నిలువు అతుకు
నాలుగు వేళ్ల లోతే.
దాని వెనకంతా బంకమట్టి, చిట్టు రాళ్లు,
ఎవరో తిని పారేసిన మొక్కజొన్న బెండు.
ఎవరి పెట్టెనో అడక్కుండా తెరిచినట్టయింది నాకు.
అతను మాత్రం బెండు తీసి, దులిపి, జేబులో వేసుకున్నాడు.
"ముఖాలు ఆనుకుంటే చాలు.
వీపు వెనక ఎవరి చెత్త వాళ్లది."

అడుగు అతుకు సంగతి వేరు.
బరువు దిగే చోట అబద్ధం లేదు.
పై రాయి పొట్ట ఎంత గుండ్రమో
కింది రాయి ఒడిని అంతే తొలిచారు,
గుండ్రాయితో కొట్టి, ఎత్తి, చూసి, మళ్లీ కొట్టి.
ఆ దెబ్బల మచ్చలు మధ్యలో పెద్దవి,
అంచుకు వచ్చేకొద్దీ చిన్నవి,
గట్టిగా మాట్లాడుతున్న మనిషి
పసిబిడ్డ ఉన్న గదిలోకి అడుగు పెట్టినట్టు.

తొమ్మిదో రోజు పదిహేడు కూర్చోనంది.
పదహారు దాని చోట ఉంది, పద్దెనిమిది దాని చోట ఉంది,
మధ్యలో పదిహేడుకి ఒక వేలు చోటు తక్కువ.
కొలిచాను. మళ్లీ కొలిచాను.
నక్షా తప్పు కాదు, రాయి తప్పు కాదు.
అంచు కాస్త చెక్కుదామని సుత్తి ఎత్తాను.

సాతుర్నినో నా మణికట్టు పట్టుకున్నాడు.
చూపుడువేలితో అతుకుల వెంట నడిచాడు:
"ఇది ముందు వచ్చి కూర్చుంది.
పదహారు తర్వాత వచ్చి దీని భుజాన ఒరిగింది.
ఇరవై ఒకటి, ఆ పిడికెడుది చూడు,
అందరూ సర్దుకున్నాక ఎదురుగుండా వచ్చి దూరింది.
నువ్వు ఎవరెక్కడో రాసుకున్నావు.
ఎవరి తర్వాత ఎవరో రాయలేదు."

మా మేష్టారు అనేవాడు,
నక్షా అంటే ఇంకా జరగని దాని ఫొటో అని.
ఈ గోడకి ఫొటో లేదు.
ఒక రాయి వచ్చాకగాని
దాని పక్కవాడి ఆకారం ఎవరికీ తెలియలేదు.
అయినా గోడ తన వీధి తప్పలేదు,
వీధి తన నీళ్లు తప్పలేదు,
పొద్దు ఏ గూట్లోకి రావాలో ఆ గూట్లోకే వస్తోంది.
ఆ పెద్ద లెక్క ఎవరి తలలో ఉండేదో, ఏ తాడు ముడుల్లోనో!

పన్నెండు రాళ్లు మళ్లీ దించాం.

ఆదివారం ఏటి అవతల గనిదారి పట్టాను.
పొలాల మధ్య బండలు, ఒక పక్క చదునుగా చెక్కినవి,
గోడ దాకా రాకుండా ఆగిపోయినవి.
అలసిన రాళ్లంటారు వాటిని ఇక్కడ.
ఒకదాని నీడలో ఒకావిడ బంగాళాదుంపలు ఏరుతోంది.
ఇది ఎక్కడికి వెళ్లాల్సింది అనడిగాను.
"వెళ్లాల్సిందా?" అంది,
కొంగలి చివర మట్టి దులుపుకుంటూ.
"మా పొలం గట్టు దీన్ని చూసే కదా వేశాం."

గురువారానికి గోడ నిలబడింది.
బెండు దాని చోటికి అది వెళ్లింది.
తోడుగా నా నీలం కలం మూత కూడా పడేశాడు ముసలాడు, అడక్కుండానే.
శుక్రవారం వాన సుద్దనంతా కడిగేసింది,
ఒక్క పదిహేడు తప్ప.
తొందరలో దాని వీపు మీద రాశాను.
అక్కడే ఉంది, మట్టివైపు తిరిగి,
నా దస్తూరీలో.